సింధూజ మాట్లాడింది

శుక్రవారం గారెలకి మినప్పప్పు ఎంత పోయాలో తేలాలంటే ముందు ఎంతమంది వస్తారో తేలాలి. ఆ మాట అడిగితే వరుణ్ ఫోన్‌లోంచి తలెత్తకుండా, "నలభై మంది ఉంటారేమో మనూ. యాభై అనుకో, మిగిలినా పర్లేదు" అన్నాడు. మిగిలితే అతనికి పర్లేదు మరి, రుబ్బేది అతను కాదు. అసలు ఈసారి కార్యక్రమం మనింట్లో పెట్టుకుందామా అని అతను మనస్వినిని అడగనేలేదు. ఆఫీసులో పై ఆఫీసరు వెంకటేశ్వర రావు గారు "ఈసారి మీ ఇంట్లోనే కదా వరుణ్" అన్నారట, ఇతను "అంతకన్నానా సార్" అన్నాడట. ఆ ఒక్క ముక్కలో గారెలు, పులిహోర, పూరీలు, బంగాళాదుంప కూర, పరమాన్నం, అందరూ తాగి పెట్టిన గ్లాసులు, వాళ్లు వెళ్లాక తుడవాల్సిన ఇల్లు అన్నీ ఉన్నాయని అతనికి తట్టి ఉండదు. తట్టినా ఆగి ఉండేవాడని ఆమెకి నమ్మకం లేదు.

వాట్సాప్ గ్రూపులో ఆ కార్యక్రమం పేరు బర్త్‌డే. ఒమాన్‌లో ఇళ్లల్లో గుంపుగా చేరి భజనలు పెట్టుకుంటే చిక్కొస్తుందని అందరికీ తెలుసు. గుడికి వెళ్లాలంటే ఇబ్రా నుంచి మస్కట్ దాకా పోవాలి. అందుకని ప్రతి రెండో శుక్రవారం ఈ ఊళ్లో ఏదో ఒక తెలుగింట్లో ఎవరో ఒకరు పుడతారు. ఎవరైనా అడిగితే చూపించడానికి టేబుల్ మీద ఒక కేకు, గోడకి రెండు బుడగలు. రావుగారి అబ్బాయి ఈ ఏడాది ఇప్పటికే చాలాసార్లు పుట్టాడు, పాపం వాడికి ఒక్కసారి కూడా ఎవరూ కానుక ఇవ్వలేదు.

ఇంతకీ ఆ పూట జరిగేది మౌనధార పరివారం సత్సంగం. గోదావరి ఒడ్డున ఆశ్రమం, అక్కడొక గురువుగారు. ఆడవాళ్ల మాటల్లోనే ఇంటి పుణ్యమంతా ఖర్చయిపోతుందని ఆయన సిద్ధాంతం. అందుకని ఆడవాళ్లు మౌన దీక్ష పట్టాలి. భర్త భార్య మణికట్టుకి నీలం దారం కడతాడు, తిరిగి ఆయనే విప్పేదాకా ఆమె నోరు తెరవకూడదు. సైగలు చేసుకోవచ్చు, వంట చేసుకోవచ్చు, సేవ ఎంతైనా చేసుకోవచ్చు. మగవాళ్లకి దీక్ష లేదు, వాళ్లకి సంపాదన ఉంది కదా. ఈ మౌనం గొప్పతనం గురించి గురువుగారు మాత్రం మంచినీళ్లు కూడా తాగకుండా గంటల తరబడి మాట్లాడతారు. ఆశ్రమం వంటశాలలో జీతం లేకుండా చాకిరీ చేసి, జబ్బుపడి, బయటికొచ్చేసిన ఆడవాళ్ల గురించి ఆంధ్రలో అప్పుడప్పుడూ గొడవలు రేగాయి, ఆరిపోయాయి. వాళ్లు ఏ ఫిర్యాదూ చేయలేదని పరివారం వాళ్లు చెబుతారు. నోరు తెరవకూడదన్న చోట ఎవరైనా ఎలా ఫిర్యాదు చేస్తారని అడిగిన వాళ్లు తక్కువ.

మనస్విని అడుగుతోంది. పెళ్లికి ముందు ఆమె విజయవాడలో ఒక పత్రికలో రిపోర్టరు. పేరు పడిన రిపోర్టరు కూడా. వరుణ్ ఉద్యోగం మీద ఒమాన్ వచ్చాక ఆమె వీసా మీద ఉన్న హోదా "భార్య". హైదరాబాదులో గంగాప్రసాద్ అనే ఆయన నడిపే వార్తల వెబ్‌సైట్‌కి ఇంట్లోంచే రాస్తుంది. వరుణ్ ఎప్పుడూ వద్దనలేదు, ఆ సంగతి వచ్చినవాళ్లందరికీ చెప్పుకుంటాడు కూడా. "మా మనూకి ఖాళీగా ఉంటే తోచదండీ, ఏదో రాసుకుంటూ ఉంటుంది" అంటాడు. కాకినాడ నుంచి అత్తగారు సుగుణమ్మ ఫోన్లో ఇంకా సూటిగా అంటుంది. "ఒక్క వారం నోరు మూసుకుంటే ఏం పోతుందమ్మా? మేం జీవితమంతా మూసుకోలేదా, ఏ దారమూ లేకుండానే!" ఆ మాటలో ఉన్న దుఃఖం ఆవిడకైనా తెలుసో లేదో అని మనస్విని చాలాసార్లు అనుకుంది. కానీ ఆవిడ వెంటనే "అబ్బాయి చిక్కిపోయాడు, కాస్త చూసుకో" అనేసరికి జాలి కాస్తా ఆవిరైపోయేది.

కొన్ని నెలలుగా మనస్విని చేస్తున్న పని ఇదే. ఆశ్రమం వదిలి వచ్చేసిన ఆడవాళ్ల నంబర్లు పట్టుకోవడం, కుక్కర్ కూతల మధ్య వాళ్లతో మాట్లాడటం, వాళ్లని చూసిన డాక్టర్లతో మాట్లాడటం, ఒకరు చెప్పింది ఇంకొకరి దగ్గర సరిచూసుకోవడం. ఒకచేత్తో కూర కలుపుతూ ఇంకోచేత్తో ఫోన్ చెవికి నొక్కుకుని ఎంతమంది ఏడుపు విందో. వరుణ్ ఇంటికొచ్చేసరికి ల్యాప్‌టాప్ మూసి అన్నం పెట్టేది. వ్యాసం దాదాపు పూర్తయింది. దానికి గుండెకాయ లాంటిది మాత్రం ఆంధ్రలో దొరకలేదు, ఇక్కడే ఇబ్రాలోనే దొరికింది.

వరుణ్ కంపెనీలోనే సైట్ సూపర్‌వైజర్ కుమార్. మెట్‌పల్లి వైపు మనిషి. అతని భార్య సింధూజ దీక్షలో ఉండగా కడుపులో అపెండిక్స్ పగిలింది. చావు తప్పి బయటపడింది. అంత నొప్పిలోనూ ఆ తల్లి ఒక్క మాట మాట్లాడలేదని, ఆ నిష్ఠకి మెచ్చి గురువుగారే కాపాడారని రావుగారు ప్రతి సత్సంగంలో చెబుతున్నారు. గోదావరి ఒడ్డున గురువుగారి నోట కూడా ఆమె కథ వచ్చింది, "ఒమాన్ తల్లి" అని. మొక్కు తీర్చుకోవాలని కుమార్ ఆమెకి మళ్లీ దారం కట్టాడు.

ఆమెని ఒంటరిగా కలవడం ఎలాగో మనస్వినికి చాలా రోజులు పాలుపోలేదు. ఎక్కడికెళ్లినా పక్కన కుమార్ ఉంటాడు. చివరికి దారి చూపించింది ఇబ్రా బుధవారం సంత. అది ఆడవాళ్ల సంత. అత్తర్లు, సాంబ్రాణి, కాటుక, జరీ అల్లిన బట్టలు, అమ్మేది ఆడవాళ్లు, కొనేది ఆడవాళ్లు, మగవాడన్నవాడు లోపల అడుగు పెట్టకూడదు. కుమార్ బయట కార్లో ఏసీ వేసుకుని కూర్చుంటాడు, తన భార్య సాంబ్రాణి కొంటోందని అనుకుంటూ. లోపల ఒక ఒమానీ పెద్దావిడ అంగడి వెనకాల, బట్టల మూటల మధ్య, సింధూజ దారాన్ని గాజుల వెనక్కి తోసేసి మాట్లాడింది.

"పొద్దుగూకినప్పటి సంది కడుపుల ఒక్కటే నొప్పి అక్కా. దీక్షల ఉన్న గదా, చెయ్యి పెట్టి మా ఆయనకు సూపెట్టిన. ఒళ్లు శుద్ధి అయితుంది, గట్లనే ఉంటది అన్నడు. రావు సార్‌కు ఫోన్ చేసిండు, ఆయన గూడ గదే అన్నడు. తెల్లారంగ ఇగ నాతోని కాలే. నోరు ఇడిచి చెప్పిన. సచ్చిపోతున్న, దవఖానకు తీస్కపో అని చెప్పిన."

మనస్విని పెన్ను ఆగిపోయింది. "నువ్వు మాట్లాడావా?"

"మాట్లాడిన. ఒక్కసారి గాదు. నోటికి చెయ్యి అడ్డం పెట్టిండు. కొట్టలే అక్కా, అబద్ధం ఎందుకు. బతిమిలాడిండు. ఇంకొక్క పూట ఓర్సుకో, ఇంత దూరం వచ్చి దీక్ష ఖరాబ్ చెయ్యకు అన్నడు. దవఖానల డాక్టర్ నన్నే అడిగింది, నొప్పి ఎప్పటి సంది అని. ఈయనే చెప్పిండు, ఇప్పుడే మొదలైందని." సింధూజ ఏడవలేదు. ఆమె మొహంలో ఉన్నది ఏడుపు కాదు. "సచ్చేదాన్నన్న భయం పోయింది. గాని నేను ఒక్క మాట మాట్లాడలేదని అందరికి చెప్పుకుంటున్నరు సూడు, గది తట్టుకుంటలేను."

"నీ పేరు ఎక్కడా రాదు. ఒక గృహిణి అని రాస్తాను, భయపడకు" అంది మనస్విని. ఎన్నో ఏళ్ల అలవాటు మీద వచ్చిన మాట అది. సింధూజ ఆమె వైపు ఒక క్షణం చూసి, ఏదో అనబోయి, ఊరుకుని, సాంబ్రాణి పొట్లం తీసుకుని కారు దగ్గరికి వెళ్లిపోయింది.

ఆ మధ్యాహ్నమే వ్యాసం హైదరాబాదుకి వెళ్లింది. రాత్రి అన్నం పెడుతూ ఆ సంగతి వరుణ్‌కి చెప్పింది. గురువారం పొద్దున, పప్పు కడుగుతుండగా గంగాప్రసాద్ ఫోన్ చేశాడు.

"అమ్మా మనస్వినీ, అద్భుతం. చదువుతుంటే ఒళ్లు గగుర్పొడిచింది. రామాంజనేయులు పేరుతో వేసేస్తున్నాం."

రామాంజనేయులు ఆ వెబ్‌సైట్‌లో సీనియర్ రిపోర్టరు. ఈ వ్యాసం కోసం ఒక్క ఫోన్ కూడా చేసి ఎరగడు. మనస్విని తడిచేతిని చీరకి తుడుచుకుంది. "ఆయన పేరెందుకండీ?"

"మీవారు నిన్న రాత్రి ఫోన్ చేశారు కదా. ఎంత పద్ధతైన మనిషమ్మా! పై ఆఫీసరు ఆ పరివారంలో పెద్దమనిషట కదా. వ్యాసం ఆపమని ఆయన అనలేదు సుమా. ఆవిడ పేరు లేకుండా వేయండి అన్నారు. మాకూ అదే మంచిదనిపించింది. అనుకున్నాం."

"ఎవరనుకున్నారు?"

"మేమిద్దరమే." ఆ జవాబులో ఆయనకి ఏ తప్పూ కనపడలేదు. పైగా ఉత్సాహంగా సాగించాడు. "ఇంకో చిన్న మార్పు. ఆ ఒమాన్ గృహిణి నోరు విప్పి చెప్పిందన్న భాగం తీసేశాం. ఏమీ మాట్లాడకుండా నొప్పి భరించింది అంటే పాఠకుడికి గుండె కరుగుతుంది. మాట్లాడింది అంటే, మరి అంత నోరున్న మనిషి తనే వెళ్లొచ్చుగా అంటారు. జాలి పలచనైపోతుంది."

మనస్వినికి గురువుగారు ఏ కారణంతో ఆ మాటని మింగేశాడో తెలుసు. ఆయన్ని బట్టబయలు చేస్తానన్న ఎడిటరు కూడా అదే మాటని మింగేస్తున్నాడు, ఇంకో కారణంతో. ఇద్దరికీ సింధూజ మూగదే కావాలి. ఒకరికి పూజించడానికి, ఇంకొకరికి జాలిపడటానికి. "వేయకండి. నా వ్యాసం నేను వెనక్కి తీసుకుంటున్నాను" అంది. "తొందరపడకమ్మా, మీవారితో ఒకసారి మాట్లాడి చెప్పు" అన్నాడు గంగాప్రసాద్. ఆమె ఫోన్ పెట్టేసింది. ఆ కోపంతోనే పప్పు కడగడం పూర్తి చేసింది, ఎందుకంటే యాభై మంది వస్తున్నారు.

సాయంత్రం వరుణ్ కేకు డబ్బా పట్టుకుని వచ్చాడు. అడిగితే దాచలేదు కూడా.

"నేను నిన్ను ఆపానా మనూ? రాయొద్దన్నానా? పేరే కదా వద్దన్నది. నీకేదైనా అయితే? నా ఉద్యోగం పోతే ఇద్దరం బ్యాగులు సర్దుకోవాల్సిందే. నీ మంచికే కదా చేశాను."

"నన్నెందుకు అడగలేదు?"

"అడిగితే వద్దంటావుగా" అన్నాడు వరుణ్. ఎంత సహజంగా అన్నాడంటే, ఆమె వద్దంటుందని తెలియడమే అడగకపోవడానికి సరిపడా కారణం అన్నట్టు. తర్వాత కేకు ఫ్రిజ్‌లో పట్టడం లేదు, ఆ పెరుగు గిన్నె కాస్త జరుపు అన్నాడు.

ఆమె జరిపింది. జరుపుతూ అనుకుంది, ఇతను చెడ్డవాడైతే ఎంత తేలికగా ఉండేదో. కేకలేసే మనిషైతే తిరిగి కేకలేయొచ్చు. ఇతను మెత్తగా, ప్రేమగా, ఆమె మంచి కోసం, ఆమె బదులు మాట్లాడేస్తాడు. పెళ్లయినప్పటి నుంచీ అంతే. హోటల్లో ఆమెకేం కావాలో చెప్పేస్తాడు. డాక్టర్ దగ్గర ఆమెకి ఎక్కడ నొప్పో చెప్పేస్తాడు. ఆ ఆలోచన దగ్గర ఆమె ఆగిపోయింది. సింధూజ డాక్టరు ముందు మంచం మీద పడుకుని ఉండటం, పక్కన కుమార్ జవాబు చెప్పడం కళ్ల ముందు కదిలాయి. వెంటనే ఇంకొకటి కూడా కదిలింది. బట్టల మూటల మధ్య కూర్చుని "నీ పేరు ఎక్కడా రాదు, భయపడకు" అంటున్న తనే. సింధూజ తన పేరు వద్దని ఎప్పుడంది? అనలేదు. తను అడగనేలేదు. అది గుర్తొచ్చాక ఆమెకి వరుణ్ మీదకన్నా తన మీదే ఎక్కువ ఒళ్లు మండింది.

శుక్రవారం పొద్దెక్కేసరికి హాలు నిండిపోయింది. టీవీలో గురువుగారు మౌనం గురించి మాట్లాడటం మొదలుపెట్టారు. వంటింట్లో ఏడెనిమిది మంది ఆడవాళ్లు, దాదాపు అందరి చేతులకీ నీలం దారాలు. ఒకరు పూరీలు ఒత్తుతున్నారు, ఒకరు గారెలు తడుతున్నారు, మాటలు లేకుండా కనుసైగలతో నూనె, ఉప్పు, జల్లిగరిట అడుగుతున్నారు. రావుగారి భార్య విజేత పొయ్యి దగ్గర నిలబడి చెమటలు కారుస్తూ వేయిస్తోంది. ఆవిడ గొంతు ఎలా ఉంటుందో మనస్వినికి తెలియదు. హాల్లోంచి రావుగారు సింధూజని పిలిచారు. అందరి ముందూ నిలబెట్టి, అపెండిక్స్ కథ మళ్లీ మొదటి నుంచి చెప్పారు. "పెదవి విప్పలేదండీ ఈ తల్లి, ఒక్క మూలుగు లేదు" అన్నప్పుడు కుమార్ తల దించుకున్నాడు. సింధూజ చేతులు జోడించి, వంటింట్లోకి తిరిగొచ్చి, మళ్లీ పిండి ముద్దలు చేయడం మొదలుపెట్టింది. ఈసారి ముద్దల్ని గట్టిగా నొక్కుతోంది.

కార్యక్రమం జరిగే ఇంటి ఇల్లాలికి ఆ రోజు దారం కట్టడం ఆనవాయితీ. వరుణ్ దారం పట్టుకుని వంటింట్లోకి వచ్చి గొంతు తగ్గించాడు. "ఊరికే కట్టించుకో మనూ, నాటకం అనుకో. వాళ్లు వెళ్లగానే విప్పేస్తాను."

"కట్టించుకోను" అంది మనస్విని. గొంతు పెంచలేదు.

అతను హాల్లోకి వెళ్లాడు. ఆమెకి అతని మాట స్పష్టంగా వినిపించింది. "ఏమీ అనుకోకండి సార్. తనకి... ఒంట్లో బాగోలేదు. ఈ మూడు రోజులూ కుదరదు."

టీవీలో గురువుగారు తప్ప ఎవరూ మాట్లాడటం లేదు. అప్పుడు రావుగారి గొంతు, నెమ్మదిగా: "మరి ప్రసాదాలు ఎవరు వండారు వరుణ్?"

అప్పటిదాకా వరుణ్‌కి ఆ సంగతి తోచలేదు. ముట్టులో ఉన్న ఆడది వండిన ప్రసాదం! పళ్లేల వైపు చాచిన చేతులు ఒక్కొక్కటే వెనక్కి వెళ్లాయి. పులిహోర, పూరీలు, పరమాన్నం, గంగాళం నిండా గారెలు బల్లమీద అలాగే ఉండిపోయాయి. వరుణ్ పరిగెత్తుకుంటూ వచ్చాడు. "మనూ, ఒక్కసారి వచ్చి అలాంటిదేం లేదని చెప్పు. నీ నోటితో చెబితేనే నమ్ముతారు. ప్లీజ్."

తన నోటితో! ఇన్నేళ్లలో మొదటిసారి అతనికి ఆమె నోటిమాట అవసరమైంది. మనస్వినికి నవ్వొచ్చింది, నవ్వుతో పాటు కళ్లలో నీళ్లు కూడా వచ్చాయి. "నా బదులు నువ్వు చెప్పావు కదా వరుణ్. ఇదీ నువ్వే చెప్పు" అంది.

పై ఆఫీసరు ముందు అబద్ధమాడానని అతను ఎలా చెబుతాడు? చెప్పలేదు. హాల్లో కాసేపు గుసగుసలయ్యాక, కేకు బేకరీది కాబట్టి దోషం లేదని ఎవరో అన్నారు. వచ్చినవాళ్లంతా ఎవరిదీ కాని పుట్టినరోజు కేకు చిన్న చిన్న ముక్కలు చేసుకుని తిన్నారు. వంటింట్లో ముందు విజేత భుజాలు కదిలాయి. ఆవిడ నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వుతోంది. తర్వాత జల్లిగరిట కింద పెట్టి, వేడి గారె ఒకటి తీసుకుని కొరికింది. మిగతావాళ్లు కూడా తలా ఒకటి అందుకున్నారు. పొద్దున్నుంచీ ఎవరూ ఏమీ తినలేదు.

మనస్విని సింధూజ పక్కకి వెళ్లి నిలబడింది. "నిన్ను అడక్కుండానే నీ పేరు పెట్టనని చెప్పేశాను. తప్పయింది. ఇప్పుడు అడుగుతున్నాను. పెట్టనా, వద్దా? నువ్వు కాదంటే అసలు వ్యాసమే వేయను."

సింధూజ చేతులకంటిన పిండి దులుపుకుంది. చుట్టూ ఆడవాళ్లని చూసింది. తర్వాత మామూలు గొంతుతో, అందరికీ వినబడేట్టు చెప్పింది.

"పెట్టు అక్కా. సింధూజ అని పెట్టు. మా ఊరి పేరు గూడ పెట్టు. నేను మాట్లాడిన అని రాయి. రేపు ఫ్లైట్ ఉంది, మా అవ్వ లస్మవ్వ తానికి పోతున్న. ఆపరేషన్ అయిన బిడ్డను తోలియ్యమని అవ్వ అడిగితే ఈయనే టికెట్ తీసిండు. అక్కడ చేరినంక ఎయ్యి."

విజేత ఆమెని, మనస్వినిని మార్చి మార్చి చూసింది. బయటికెళ్లి ఈ సంగతి ఎవరికైనా చెబుతుందేమోనని మనస్విని భయపడింది. ఆవిడ ఇంకో గారె తీసి సింధూజ చేతిలో పెట్టింది. ఎవరూ ఎవరికీ చెప్పలేదు. అందరూ దీక్షలో ఉన్నారు కదా.

విజయవాడలో మనస్వినితో కలిసి పనిచేసిన బిల్కీస్ ఇప్పుడు ఆడవాళ్లే నడుపుకునే చిన్న వెబ్ పత్రిక ఒకటి చూస్తోంది. వ్యాసం చదివి, "ఒక్క అక్షరం తియ్యను. గొడవలొస్తాయి, తెలుసుగా?" అంది. తెలుసు. అర్ధరాత్రి ఫోన్లు, వరుణ్ ఆఫీసులో చూపులు, సుగుణమ్మ శోకాలు, బ్యాగులు సర్దుకోవాల్సి రావడం, అన్నీ మనస్విని ఊహించుకుంది. భయపడింది కూడా. ఆ భయంతోనే ఎదురుచూసింది. ఆదివారం సాయంత్రం లస్మవ్వ గొంతుతో ఒక సందేశం వచ్చింది. "బిడ్డ ఇంటికి చేరింది తల్లీ. నా పక్కనే ఉంది. ఇగ నువ్వు జేసేది జెయ్యి."

సోమవారం వ్యాసం వచ్చింది. పైన "సింధూజ మాట్లాడింది" అన్న పేరు. దాని కింద మనస్విని పేరు, ఇబ్రా నుంచి.

మధ్యాహ్నం, డ్యూటీ మధ్యలో, వరుణ్ ఇంటికొచ్చాడు. చెప్పులు కూడా విడవలేదు. చేతిలో ఫోన్ వెలుగుతోంది, దాని మీద రావుగారి మిస్డ్ కాల్స్ వరసగా ఉన్నాయి. అతనికి అరవడం చేతకాదు.

"పేర్లతో సహా! ఇంత పెద్ద విషయం... ఎవరిని అడిగి వేశావు మనూ?"

మనస్విని ల్యాప్‌టాప్ మూయలేదు.

"సింధూజని" అంది.